వెనక్కి పిలిచిన పడవ

నన్ను సభల్లో పరిచయం చేసేవాళ్ళు "బహుముఖ ప్రజ్ఞాశాలి" అని మొదలుపెడతారు. ఆ మాట వింటే నాకు ఒళ్ళు మండుతుంది. అన్ని పనులూ నేను సరదా పడి నేర్చుకోలేదు. గుడివాడలో కూర్చుని సినిమాలు తీస్తానంటే కెమెరామన్ ఎవరూ రాలేదు కాబట్టి కెమెరా నేనే పట్టాను. ఎడిటరు హైదరాబాదు వదిలి రానన్నాడు కాబట్టి ఎడిటింగ్ నేర్చుకున్నాను. సౌండు చూసే అతను పెళ్ళిళ్ళ సీజనులో ఫోనెత్తడు కాబట్టి ఆ పనీ నా నెత్తినే పడింది. వంటా, వడ్డనా, ఎంగిలాకులు ఎత్తడం అన్నీ ఒక్కరే చేస్తుంటే దాన్ని ప్రజ్ఞ అనరు, ఆ ఇంట్లో ఇంకో మనిషి లేరని అంటారు.

ఇరవై ఏళ్ళుగా ఏమేం తీశానో చెబితే నవ్వుతారు. మొదట తీసినవి జ్ఞాపకార్థ కూడికలు. నాన్న స్కూలు మాస్టారు, మా చర్చిలో సంఘపెద్ద. దివిసీమ ఊళ్ళలో మావాళ్ళెవరైనా ప్రభువునందు నిద్రిస్తే, అంటే చనిపోతే, రాలేకపోయిన బంధువుల కోసం ఆ కూడికను వీడియో తీయించడం మామూలు. నాన్న ఆ పని నాకు ఇప్పించారు. ఏడుస్తున్న మనిషికి అడ్డం రాకుండా నిలబడటం, పాట మధ్యలో బ్యాటరీ మార్చుకోవడం, చేతులు వణక్కుండా ఊపిరి బిగబట్టడం అన్నీ అక్కడే వచ్చాయి. ఏ ఫిల్ము స్కూలూ నాకు అంతకంటే ఎక్కువ నేర్పేది కాదని ఇప్పటికీ అంటాను, ఎవరు ఏమనుకున్నా సరే.

తర్వాత పామిడిముక్కల పొలాల్లో వరికి పట్టే దోమ మీద రైతుల కోసం ఒకటి తీశాను. కూచిపూడిలో అరంగేట్రాలు తీశాను. ఘంటసాల ఊరి పిల్లలతో వాళ్ళ బడి గురించి వాళ్ళే మాట్లాడే సినిమా చేశాను. ఒక దయ్యం సినిమా కూడా తీశాను, ఇరవై నిమిషాలది. అది చూసి నాన్న మూడు ఆదివారాలు ప్రార్థనలో నా పేరెత్తారు. "ఏదో ఒకదాని మీద నిలబడొచ్చు కదండీ" అని బందరులో ఒక పెద్దమనిషి సలహా ఇచ్చాడు. "నిలబడే ఉన్నానండీ, కనిపించకపోతే కళ్ళజోడు మార్చుకోండి" అన్నాను. ఆయన మళ్ళీ నన్ను ఏ సభకూ పిలవలేదు. నాకేం నష్టం రాలేదు.

ఇంత చేసినా, పూర్తి నిడివి సినిమా అని చెప్పుకోదగ్గది ఒక్కటే తీశాను. దాని గురించే ఇది.

బందరుకు అవతల, సముద్రం ఒడ్డు ఊళ్ళో ఒకావిడ ఉంది. యాభై దాటిన మనిషి. పడవలు తెచ్చిన చేపలు బేసినులో వేసుకుని, ఆటోలో బందరు వచ్చి, వీధివీధికీ తిరిగి అమ్ముతుంది. భర్త సరంగు, అంటే పడవ నడిపే పెద్ద. ఆయన కింద ఐదుగురు పనిచేస్తారు. వాళ్ళ బతుకునే కథగా అల్లి, వాళ్ళనే పెట్టి, వాళ్ళ ఊళ్ళోనే సినిమా తీస్తానని వెళ్ళాను. ఆవిడ నన్ను "మేడంగారూ" అని పిలిచేది, కుర్చీ వేయకుండా మాట్లాడేది కాదు. నేను అక్కా అంటే మొహమాటపడేది. ఆ మర్యాద చూస్తే నాకు భయం వేసేది, ఎందుకంటే మర్యాద చేసే మనిషి కెమెరా ముందు నిజం మాట్లాడదు.

ఒకరోజు పడవ బయల్దేరడం తీయాలి. కాలువ సముద్రంలో కలిసే చోటును అక్కడ మొగ అంటారు. అది ఇసుక మేట వేసి ఉంటుంది. పోటు వచ్చి నీళ్ళు నిండినప్పుడే పడవ దాన్ని దాటాలి, ఆ కాసేపు దాటితే మళ్ళీ వీలుండదు. తెల్లవారింది, వెలుతురు బాగుంది, ఆరుగురూ పడవెక్కారు. ఇంజను మోగింది. ఆవిడ ఒడ్డున నిలబడి చూస్తోంది. పడవ నా కెమెరా ముందు నుంచి వెళ్ళిపోయింది. అప్పుడు చూసుకుంటే ఫోకస్ పడలేదు, మొత్తం మసక.

నేను అరిచాను. "సరంగుగారూ! ఆగండి! వెనక్కి రండి, ఇంకోసారి!"

తెలియక చేసిన తప్పు కాదది. బయటికి వెళ్ళే మనిషిని వెనక నుంచి పిలవకూడదని ఇక్కడ పుట్టిన ఎవరికి తెలియదు? మా నాన్న చర్చిలో మూఢనమ్మకాల మీద గంటసేపు మాట్లాడగలరు. అయినా ఆయన సైకిలెక్కి వెళ్ళాక కళ్ళజోడు మర్చిపోయారని గుర్తొస్తే, మా అమ్మ వెనక నుంచి కేకేసేది కాదు. పక్క సందులోంచి పరుగెత్తుకెళ్ళి, ఆయనకు ఎదురొచ్చి చేతికిచ్చేది. అది చూస్తూ పెరిగినదాన్ని నేను. కెమెరా చేతిలో ఉంటే మనిషికి పొగరొస్తుంది, ఊరంతా తన సెట్టు అనిపిస్తుంది. నాకు ఆ పొగరు వచ్చింది, దాచుకోవడానికేం లేదు.

ఇంజను ఆగింది. పడవ తిరిగింది. ఆరుగురూ దాన్ని ఒడ్డుకు తెచ్చి కట్టేశారు. నేను ఫోకస్ సరిచేసుకుని, "ఇంక వెళ్ళొచ్చండీ" అన్నాను. ఎవరూ కదల్లేదు. సరంగు తలకు కట్టిన తువ్వాలు విప్పి భుజాన వేసుకుని నా వైపు చూడకుండా వెళ్ళి పడవ నీడలో కూర్చున్నాడు. వెనక్కి పిలిచిన పడవ ఆ రోజు వేటకు వెళ్ళదు. అది వాళ్ళ కట్టుబాటు.

అప్పుడు ఆవిడ నా మీదికి వచ్చింది.

"నీకు బుద్ధుందా? ఏటకెల్లే పడవని ఎనకనించి పిలుస్తావా? మీ ఇంట్లో ఎవురన్నా బయటికెల్తే ఇట్టాగే అరుస్తావా నువ్వు? ఇంకోసారంట, ఇంకోసారి! నీ బొమ్మ బాగా రాపోతే చెరిపేసి మళ్ళీ తీసుకుంటావు. ఆ మొగ కాడ మావోళ్ళకి ఏదన్నా అయితే ఎవుర్ని చెరిపి ఎవుర్ని తెస్తావే? డబ్బులిస్తానంటావేమో, ఆ మాట నోట్లోనే ఉంచుకో. ఆరుగురు మగాళ్ళు, ఆరిళ్ళు. ఇయ్యాల ఆరిళ్ళల్లోనూ నిన్ను తలుచుకునే పొయ్యి ముట్టిస్తారు. సదువుకున్నదానివి, పెద్ద పెద్ద ఊళ్ళు తిరిగినదానివి, ఒడ్డున నిలబడి నోరు మూసుకోవడం రాదా నీకు? మేం నీకు కుర్చీలేసి టీలిచ్చింది ఇందుకా?"

ఇది కొంచెమే. అంతా రాస్తే అచ్చు వేయరు. తిట్టి తిట్టి ఆయాసం వచ్చి ఆగింది. నా మొహం చూసి, "పొద్దున్నించీ ఏం తిన్నట్టు లేదు. పో, లోపల అన్నం ఉంది, తిని ఏడువు. ఇక్కడ పడిపోయావంటే అదోటి మా మీదికొచ్చిద్ది" అని వెళ్ళిపోయింది. ఆ రోజు పోయిన "మేడంగారు" మళ్ళీ తిరిగి రాలేదు. నాకైతే పీడ విరగడైంది.

అన్నం తిన్నాక చూశాను, కెమెరా స్టాండు మీద నడుస్తూనే ఉంది. ఐదు నిమిషాల పైన, ఆవిడ మొహం, నా వీపు. ప్రతి మాటా పడింది. ఇక ఆ పూటంతా ఊరికే ఉండలేక, ఒడ్డున ఆగిపోయిన ఆ మగవాళ్ళను తీశాను. ఒకతను పడవ నీడలో తువ్వాలు మొహం మీద వేసుకుని పడుకున్నాడు. ఒకతను ఇసుకలో పుల్లతో గీతలు గీస్తున్నాడు. సరంగు సముద్రం వైపు చూస్తూ మోకాళ్ళు పట్టుకుని కూర్చున్నాడు. వెలుతురు వాళ్ళ మీద చాలా అందంగా పడింది. ఇరవై ఏళ్ళలో నేను తీసిన షాట్లలో అవే మంచివి.

కొన్నాళ్ళ తర్వాత లాప్‌టాప్ తీసుకెళ్ళి ఆ తిట్లు ఆవిడకు చూపించి, సినిమాలో ఉంచనా అని అడిగాను. ఆవిడ చూసింది, తన గొంతు తను విని నోటికి కొంగు అడ్డం పెట్టుకుంది.

"ఉంచుకో. కానీ ఒక్క మాట తీసినా ఊరుకోను. గొంతు నాదే ఉండాల."

ఎందుకు అంత పట్టు అని అడిగితే చెప్పింది. ఒక తుఫాను తర్వాత ఎవరో టీవీ వాళ్ళు వచ్చారట. ఆవిడ అధికారుల్ని చెడామడా తిడుతుంటే తీసుకెళ్ళారు. టీవీలో చూస్తే ఆవిడ నోరు కదులుతోంది, గొంతు లేదు. పైన ఏడుపు సంగీతం, ఎవరో "ఆదుకోమని వేడుకుంటున్న గంగపుత్రులు" అని చెబుతున్నారు. "నేనెవుర్నీ అడుక్కోలేదు. కడిగి పారేశా వాళ్ళని. ఊరంతా చూసి నవ్వారు నన్ను" అంది. ఒక్క మాట కూడా తీయనని నేను మాట ఇచ్చాను. అప్పుడు ఇవ్వడం తేలికే.

సినిమా పూర్తయింది. రెండు మూడు చోట్ల చిన్న హాళ్ళలో వేశాను, చూసినవాళ్ళు మెచ్చుకున్నారు, ఇంటికెళ్ళిపోయారు. అలా ఉండగా హైదరాబాదు నుంచి ఒక కంపెనీ అతను ఫోను చేశాడు. ఫోనుల్లో, టీవీల్లో సినిమాలు చూపించే కంపెనీ. అబ్బాయి మర్యాదస్తుడే.

"సినిమా మాకు నచ్చింది మేడం. ఆ తిట్ల సీను ఒక్కటి తీసేస్తే తీసుకుంటాం. ఐదు నిమిషాలు ఒకే షాటు, సగం మాటలు ఎవరికీ అర్థం కావు. పైగా డైరెక్టరే తన సినిమాలో తిట్లు తింటుంటే బాగుండదు కదా."

ఇక్కడ నా సంగతి నేను చెప్పుకోవాలి. ఇరవై ఏళ్ళ పనిలో నా సినిమా ఒకటి జనం ఇళ్ళల్లోకి వెళ్ళే దారి దొరకడం అదే మొదటిసారి. ఇంకోటి వస్తుందన్న ఆశ కూడా లేదు. సీను తీసేసి చూశాను. సినిమా హాయిగా సాగిపోయింది. ఎక్కడా పట్టేసినట్టు లేదు. నాకు లోపల ఒక సుఖం కూడా కలిగింది, నా వీపు మీద పడిన ఆ తిట్లు ఇక ఎవరూ చూడరని. ఆ సీను నా అవమానమే కదా, నా అవమానం నేను తీసేసుకుంటే ఎవరికేం పోయింది అని సర్దిచెప్పుకున్నాను. ఇచ్చిన మాట గుర్తొచ్చినప్పుడల్లా, వెళ్ళి నచ్చజెబుదాంలే అనుకున్నాను. పంపించేశాను.

రెండు రోజులకు ఆ అబ్బాయి మళ్ళీ చేశాడు. "ఇప్పుడు అద్భుతంగా ఉంది మేడం. ముఖ్యంగా ఆ మగాళ్ళు పనీపాటా లేకుండా ఒడ్డున పడి ఉండే షాట్లు. ఆడమనిషి ఎండలో తిరిగి చేపలమ్ముతుంటే వీళ్ళు ఇలా! పల్లె బద్ధకాన్ని భలే పట్టుకున్నారు."

"థాంక్యూ అండీ" అన్నాను నేను.

ఆ థాంక్యూ తలుచుకుంటే ఇప్పటికీ సిగ్గుతో చెవులు వేడెక్కుతాయి. అప్పుడు మాత్రం పొగడ్త పొగడ్తగానే వినిపించింది. బస్సెక్కి బందరు వెళ్ళాను, ఆవిడకు శుభవార్త చెప్పడానికి.

మధ్యాహ్నం అయింది. ఆవిడ బేసిను దించుకుని, మూసిన కొట్టు మెట్ల మీద నీడకు కూర్చుని ఉంది. సంగతి చెప్పాను. సీను తీసేయక తప్పలేదని, మిగతా అంతటా గొంతు ఆవిడదేనని, లక్షల మంది చూస్తారని ఏవేవో చెప్పాను. ఆవిడ చేతులు కొంగుకు తుడుచుకుని, "ఏదీ, చూపించు" అంది. ఫోనులో ఆ భాగం పెట్టి ఇచ్చాను. పడవ బయల్దేరింది. తర్వాత ఒడ్డున పడుకున్న మనిషి, ఇసుకలో గీతలు, మోకాళ్ళు పట్టుకుని కూర్చున్న ఆవిడ భర్త. తర్వాత బందరు వీధుల్లో తల మీద బేసినుతో ఆవిడ.

"మావోళ్ళు ఎందుకు పడుకున్నారు?" అంది.

"అదేంటక్కా, ఆ రోజు నేను వెనక్కి పిలిచాను కదా, అందుకు."

"అది నాకు తెలుసు. నీకు తెలుసు. చూసేవోళ్ళకి?"

ఆవిడ ఫోను నా చేతిలో పెట్టింది.

"తాగి పడుకున్నారనుకుంటారు" అంది. గొంతు పెంచలేదు. "మా ఆయన జన్మలో తాగి ఎరగడు. తప్పు నువ్వు చేశావు. నీకు పడాల్సిన తిట్లు తీసేసి, మావోళ్ళ మీద పెట్టావు."

ఆ క్షణంలో నాకు ఆ అబ్బాయి పొగడ్త మొత్తం మళ్ళీ వినిపించింది. పనీపాటా లేకుండా. పల్లె బద్ధకం. దానికి నేను థాంక్యూ చెప్పాను. ఆ ఆరుగురు నా నోటి వల్ల ఒక రోజు వేట పోగొట్టుకున్నారు, నా కత్తెర వల్ల ఊరూపేరూ తెలియని జనం ముందు సోమరులయ్యారు. ఇంత తెలివిగల ఎడిటింగ్ నేను ఇంకెప్పుడూ చేయలేదు.

మళ్ళీ పెట్టమని ఆవిడ అడగలేదు. "నీ సినిమా, నీ ఇష్టం. నా చేపలు ఎండిపోతన్నాయి" అని బేసిను ఎత్తుకుని వెళ్ళిపోయింది. ఆ రోజు తిట్టినా బాగుండేదనిపించింది.

బందరు బస్టాండులో నిలబడే ఫోను చేశాను. సీను ఉంటుందని, ఒక్క ముక్క కూడా పోదని చెప్పాను. ఆ అబ్బాయి ఓపికగానే మాట్లాడాడు. "పోనీ, సీను ఉంచుదాం మేడం. వేరే ఆర్టిస్టు చేత అందరికీ అర్థమయ్యే తెలుగులో డబ్బింగ్ చెప్పిద్దాం."

"అందరికీ అర్థమయ్యే తెలుగు మా జిల్లాదేనని గొప్పలు చెప్పుకుంటూ పెరిగామండీ మేము. ఆవిడదీ మా జిల్లాయే. ఆవిడ తెలుగు మీకు అర్థం కాకపోతే రెండోసారి వినండి."

"అయితే సీను తీసేసి, పడవ ఎందుకు ఆగిందో తెర మీద ఒక లైను కార్డు వేద్దామా?"

"కార్డు నన్ను తిట్టదు కదండీ."

"ఇంత మొండితనం పనికిరాదు మేడం. ఇలాంటి అవకాశం మళ్ళీ రాదు" అన్నాడు. రాకపోతే పోనివ్వండి అన్నాను. కోపంగా అనలేదు, నిజంగానే అన్నాను.

ఆ తర్వాత నాకు బుద్ధి చెప్పనివాళ్ళు లేరు. ఐదు నిమిషాల కోసం సినిమా మొత్తం నీళ్ళపాలు చేసుకుందని మా తమ్ముడు అందరితోనూ అన్నాడు. హైదరాబాదులో ఉన్న స్నేహితులు, రాజీ పడటం కూడా ఒక కళేనని నాకు నేర్పబోయారు. నాకు చాలా కళలు వచ్చు, పరిచయాల్లో అందరూ అదే కదా చెబుతారు. అదొక్కటి రాకపోతే కొంప మునగదు. ఐదు నిమిషాలు కాదు, ఐదు సెకన్లు అడిగినా ఇచ్చేదాన్ని కాదు. ఇప్పుడు మళ్ళీ అడిగినా ఇవ్వను.

వేట నిషేధం ఉండే వేసవి రోజుల్లో, పడవలన్నీ ఒడ్డునే ఉన్నప్పుడు, ఆ ఊరి తుఫాను షెల్టరులో మధ్యాహ్నం సినిమా వేశాను. కిటికీలకు టార్పాలిన్లు కట్టాం. ప్రొజెక్టరు మా చర్చిది. ఆడవాళ్ళు ముందు చాపల మీద, మగవాళ్ళు వెనక నిలబడి. ఆవిడ మొదటి వరసలో కూర్చుంది. భర్త చిట్టచివర గోడకు ఆనుకుని నిలబడ్డాడు. పడవ ఆగిన రోజు నుంచి ఆయన నాతో ఒక్క మాట మాట్లాడలేదు.

తెర మీద నేను అరిచాను. హాలంతా ఒక్కసారి "అయ్యో" అంది. తర్వాత ఆవిడ తిట్లు మొదలయ్యాయి. మొదట ఎవరో కిసుక్కుమన్నారు, తర్వాత నవ్వు ఆగలేదు. ప్రతి తిట్టుకూ జనం తల తిప్పి నన్ను చూశారు. నేను ప్రొజెక్టరు పక్కన దొంగలా నిలబడి అన్నీ తిన్నాను. "ఆ మాట మరీ బాగా అన్నావే" అని ఒక ముసలమ్మ ఆవిడ వీపు మీద చరిచింది. అది అయిపోయి, ఒడ్డున ఆగిపోయిన ఆ ఆరుగురు తెర మీదికి వచ్చారు. అప్పుడు ఎవరూ నవ్వలేదు. నీడలో పడుకున్న మనిషిని చూసి, "పాపం, పోటు పోయిందిగా" అంది ఎవరో.

అయ్యాక అందరూ చాపలు దులుపుకుంటున్నారు. సరంగు నా దగ్గరికి వచ్చి, తెర చుట్టడానికి రెండో కొస పట్టుకున్నాడు. "గుడివాడలో కూడా ఏస్తారా అమ్మా ఇది?" అన్నాడు.

"వేస్తానండీ."

"మా చెల్లెలోళ్ళు అక్కడే. చెప్తాను, ఎల్లి చూస్తారు" అన్నాడు. చుట్టిన తెర తనే మోసుకెళ్ళి ఆటోలో పెట్టాడు.

ఆవిడ ఆటో దాకా వచ్చింది. "గుడివాడ అయినాక?"

"అవనిగడ్డలో ఒక స్కూల్లో అడిగారక్కా. తర్వాత ఎవరు పిలిస్తే వాళ్ళ ఊరు."

"ఏసిన ప్రతిచోటా నేను తిడతానే ఉంటానా నిన్ను?"

"ఉంటావు."

"ఒక్క మాట తగ్గకుండా?"

"ఒక్క మాట తగ్గకుండా."

ఆవిడ కాసేపు నన్ను ఎగాదిగా చూసింది. "తిను అయితే" అంది.